సారా గార్సియా: అవ్వ వేషం ఆమెను నిలబెట్టిందా, కట్టిపడేసిందా?

పాతరీలు

మెక్సికన్ సినిమాకు స్వర్ణయుగం అని చెప్పుకునే 1936 నుంచి 50ల మధ్య దాకా వచ్చిన సినిమాలు కొన్నాళ్ళుగా వరసపెట్టి చూస్తున్నాను. హీరో ఎవరైనా, దర్శకుడు ఎవరైనా ఒక మొహం మాత్రం మళ్ళీ మళ్ళీ తగులుతోంది. నల్లబట్టలు, భుజాల చుట్టూ శాలువా, ముడేసిన నెరిసిన జుట్టు, లోపలికి పోయిన బుగ్గలు. సారా గార్సియా. అక్కడి జనానికి ఆమె "మెక్సికో అవ్వ".

తెలియనివాళ్ళ కోసం నాలుగు ముక్కలు. 1895లో వెరాక్రూజ్ రాష్ట్రంలోని ఒరిసాబాలో పుట్టింది. తల్లిదండ్రులు స్పెయిన్ నుంచి వచ్చినవాళ్ళు. నటి మిమీ దెర్బా పెట్టిన అస్తేకా ఫిల్మ్స్ 1917లో తీసిన మూగ సినిమాలో చిన్న వేషంతో మొదలైంది. ఆ తర్వాత చాలా ఏళ్ళు నాటకాల కంపెనీలతో ఊళ్ళు తిరిగింది. టాకీలు వచ్చాక అమ్మ, అత్త, అవ్వ. 1980లో చనిపోయేదాకా అవే. నూట యాభైకి అటూ ఇటూగా సినిమాలు చేసింది.

నలభై ఏళ్ళు నిండకముందే అవ్వగా కనబడడం కోసం పళ్ళు పీకించుకుంది. పద్నాలుగు అని చెబుతారు. ఎవరు రాసినా దీన్ని "వృత్తి మీద అంకితభావం" అని మెచ్చుకుంటూ రాస్తారు. నాకు మాత్రం కడుపులో దేవినట్టయింది. ఒక పరిశ్రమ నలభై ఏళ్ళ నటిని అక్కడిదాకా తీసుకెళ్ళిందంటే అది మెచ్చుకోవాల్సిన సంగతి కాదు.

నా వాదన ఇది: మెక్సికన్ సినిమా ఆమెకు అరవై ఏళ్ళు అన్నం పెట్టింది, కానీ ఆమెలోని నటిని సగమే వాడుకుంది. కాదనేవాళ్ళు దయచేసి సినిమా పేరు చెప్పి మాట్లాడండి.

కాల్షీట్

పాతరీలు గారూ, నేను సీరియల్స్‌లో డైరెక్షన్ డిపార్ట్‌మెంట్‌లో పనిచేస్తాను. క్యారెక్టర్ ఆర్టిస్టుల డేట్లు చూసేది నేనే. అందుకే మీ పోస్టు చదివి ఊరుకోలేకపోయాను.

మొదటి సంగతి, ఆ పళ్ళు సినిమావాళ్ళు పీకించలేదు. అది ఒక రంగస్థల నాటకం కోసం. అవ్వ వేషానికి ఆమె వయసు చాలదని అనుమానించినవాళ్ళు ఉన్నారు. నిర్ణయం ఆమెది. ఆ నిర్ణయం ఎంత తెలివైనదో మేకప్ దగ్గర నిలబడ్డవాడికి తెలుస్తుంది. జుట్టుకు తెల్లరంగు ఎవరైనా వేస్తారు. నుదుటి మీద గీతలు గీసినా క్లోజప్‌లో దొరికిపోతాయి. నోరు మాత్రం అబద్ధం ఆడదు. పళ్ళు లేకపోతే పెదవులు లోపలికి ముడుచుకుంటాయి, గడ్డం ముందుకొస్తుంది, మాట వెడల్పయిపోయి గాలి కలుస్తుంది. ముప్పై ఏళ్ళ వయసు తేడాను ఆమె నోటితోనే పూడ్చేసింది. అది శరీరంతో చేసిన డిజైన్.

రెండోది, మార్కెట్. హీరోయిన్‌కి పదేళ్ళు, మహా అయితే పదిహేను. హీరోలయినా అంతే కదా. 1937లో సారా సినిమాలు చేస్తున్నప్పుడు హోర్హె నెగ్రేతె కొత్త హీరో. 1940లో హాస్యనటుడు కాంతిన్‌ఫ్లాస్ పక్కన చేసింది, 1947లో పెద్రో ఇన్‌ఫాంతె పక్కన. నెగ్రేతె 1953లో పోయాడు, ఆమెతో ఎక్కువ హాస్యం పండించిన హొవాకిన్ పార్దావె 1955లో, ఇన్‌ఫాంతె 1957లో విమానం కూలి. ఈ ముగ్గురూ పోయాక కూడా 1974లో మొదలైన "ముందో దె హుగేతె" అనే టీవీ సీరియల్‌లో చిన్నపిల్లను సాకే ఆయాగా ఆమె ఇంటింటికీ వచ్చింది. ఒక నటికి ఇంతకన్నా పెద్ద గెలుపు ఏముంటుంది?

గోదారిగట్టు

గెలుపు అని తేల్చేసే ముందు ఒక పోలిక పెడతాను, కాల్షీట్ గారూ.

"క్వాందో లోస్ ఈహోస్ సె వాన్", 1941. పిల్లలు ఒక్కొక్కరే ఇల్లు వదిలి వెళ్ళిపోయే కథ. అందులో తల్లి సారా గార్సియా, తండ్రి ఫెర్నాందో సోలేర్. తెర మీద ఇద్దరూ ముసలి దంపతులు. సోలేర్ 1896లో పుట్టాడు, అంటే ఆమెకన్నా ఎనిమిది నెలలు చిన్న. ఆయనా క్యారెక్టర్ నటుడే. ఇద్దరూ ఒకే గీత దగ్గర ఉన్నారు.

అక్కణ్ణుంచి ఎవరెక్కడికి వెళ్ళారో చూడండి. 1949లో స్పెయిన్ నుంచి వచ్చిన దర్శకుడు లూయిస్ బునుయేల్ "ఎల్ గ్రాన్ కలావెరా" తీస్తే సోలేర్ అందులో తాగుబోతు ధనవంతుడు. 1951లో అదే బునుయేల్ "సుసానా" తీస్తే సోలేర్ ఒక జమీందారు, ఇంట్లో చేరిన పడుచుపిల్ల కోసం పెళ్ళాన్నీ పరువునూ వదులుకోడానికి సిద్ధపడే మనిషి. సోలేర్‌కి తాగుడు ఉంది, కోరిక ఉంది, పతనం ఉంది. సారాకి శాలువా ఉంది. అంత పెద్ద దర్శకుడు మెక్సికోలో ఇరవై సినిమాలు తీశాడు, ఒక్కదాంట్లోనూ ఆమె లేదు.

ఇంకొకటి కూడా. నటి దొలోరెస్ దెల్ రియో 1943లో "మరియా కాందెలారియా" చేసేనాటికి ముప్పైతొమ్మిదేళ్ళకు దగ్గర్లో ఉంది. ఆ సినిమాలో ఆమె పెళ్ళికాని పడుచుపిల్ల. అదే వయసులో ఈమె పళ్ళు పీకించుకుంది. అందం కలిగి ముందే స్టారయిన మనిషికి ఒక తలుపు, మిగతావాళ్ళకు ఇంకో తలుపు. ఒక్కటే తలుపు తెరిచి ఉన్నప్పుడు అందులోకి నడిచి వెళ్ళడాన్ని నిర్ణయం అనడానికి నాకు నోరు రాదు.

కాల్షీట్

తలుపు ఒక్కటే కావచ్చు. లోపలికి వెళ్ళాక గది మొత్తాన్ని సొంతం చేసుకుంది కదండీ.

తెరచాప

ఇద్దరూ బయటినుంచి వాదిస్తున్నారు. వయసులు, డేట్లు, మార్కెట్. కాసేపు తెర మీదకు రండి.

"లోస్ త్రేస్ గార్సియా", 1947, ఇస్మాయెల్ రోద్రీగెస్ దర్శకత్వం. ముగ్గురు మనవళ్ళు, ముగ్గురూ వరసకు అన్నదమ్ములే, ఒకళ్ళంటే ఒకళ్ళకు పడదు. ఒక్క పిల్ల కోసం ముగ్గురూ పోటీ పడతారు. ముగ్గురినీ అదుపులో పెట్టే శక్తి ఊళ్ళో ఒక్కరికే ఉంది, దోన్యా లూయిసా అనే అవ్వ. ఆమె చుట్ట కాలుస్తుంది. మందు తాగుతుంది. తిడుతుంది. ఆరడుగుల మనవళ్ళను చేతికర్రతో బాదుతుంది. ఆ కొట్టడం జాగ్రత్తగా చూడండి, అదొక పాఠం. కర్ర ఎత్తేటప్పుడు ఆమె మొహంలో కోపం ఉండదు, ఏదో ఇంటిపని చేసుకుంటున్న మనిషి తీరు ఉంటుంది. దెబ్బ తిన్నవాడి కన్నా పక్కన నిలబడి తన వంతు కోసం చూస్తున్నవాడే ఎక్కువ వణుకుతాడు. పెద్రో ఇన్‌ఫాంతె దేశమంతా వెర్రెత్తించిన మగాడు. ఆమె ముందు ఆ మగతనం మొత్తం చిన్నపిల్లాడి అల్లరి కింద మారిపోతుంది. చుట్ట నోట్లో పెట్టుకుని, పళ్ళు లేని దవడతో నములుతూ అతన్ని కిందినుంచి పైకి చూస్తుందే, ఆ ఒక్క చూపుతో సీను హీరో చేతిలోంచి జారి ఆమె చేతికి వస్తుంది. అప్పటికి ఆమెకు యాభై ఒకటో యాభై రెండో.

ఈ అవ్వా, 1941 నాటి ఆ ఏడుపు తల్లీ ఒకే రకం వేషం అని ఎవరైనా ఎలా అనగలరు? బట్టలు ఒకటే. మనిషి వేరు.

ఇంకా చెప్పనా. 1940లో "అయీ ఎస్తా ఎల్ దెతాయె". కాంతిన్‌ఫ్లాస్ సినిమా. అందులో ఆమె అవ్వ కాదు, మొగుడు వదిలేసి పోతే గంపెడు పిల్లల్ని వెంటేసుకుని వెతుక్కుంటూ వచ్చిన ఇల్లాలు. 1942లో "ఎల్ బైసానో హలీల్", మెక్సికో సిటీలో బట్టల వ్యాపారం చేసుకునే లెబనాన్ వలస కుటుంబం కథ. పార్దావె భర్త, ఆమె భార్య. ఇద్దరూ అరబ్బు యాసలో స్పానిష్ మాట్లాడతారు. నవ్విస్తూనే వలస వచ్చినవాళ్ళ మర్యాదను నిలబెట్టారు. 1959లో "లాస్ సెన్యోరితాస్ వివాంకో", ఆమె, ప్రుదెన్సియా గ్రిఫెల్ కలిసి చితికిపోయిన పెద్దింటి అక్కచెల్లెళ్ళు. గౌరవంగా తలవంచుకుని నడుస్తూ దొంగతనాలు చేస్తారు. జనం వాళ్ళను అనుమానించకపోవడానికి కారణం సారా మొహమే! తన ఇమేజ్‌ని తనే కథావస్తువుగా వాడుకున్న నటి ఆమె.

పాతరీలు

తెరచాప గారూ, మీరు చెప్పినవి నేనూ చూశాను, ముచ్చటపడ్డాను. కానీ మీరు ఏరుకొచ్చినవన్నీ హాస్యాలు. వాటి చుట్టూ ఉన్న మిగతా రాశి సంగతేంటి? 1937 "నో బాస్తా సెర్ మాద్రె", 1940 "మి మద్రెసీతా". మాద్రె అంటే తల్లి. పేర్లలోనే తల్లి. ఆ సినిమాల్లో తండ్రి తీర్పు చెబుతాడు, కొడుకు తప్పుదారి పడతాడు, తల్లి భరిస్తుంది. "క్వాందో లోస్ ఈహోస్ సె వాన్"లో తండ్రి కొడుకును అన్యాయంగా గెంటేస్తాడు. ఆ కొడుకు తప్పు చేయలేదని తల్లికి తెలుసు. తెలిసినా ఆమె చేతిలో ఏమీ లేదు. కన్నీళ్ళూ ప్రార్థనా తప్ప. నగరం పెరుగుతోంది, పిల్లలు ఇల్లు వదులుతున్నారు, మధ్యతరగతి భయపడుతోంది. ఆ భయానికి మందుగా సహనం నిండిన తల్లిని అమ్మారు. ఆ సరుకు మీద అచ్చేసిన బొమ్మ సారా గార్సియా.

నా అభ్యంతరం ఆమె ప్రతిభ మీద కాదు. ఆ ప్రతిభను ఒక నీతి ప్రచారానికి అంటగట్టిన తీరు మీద.

గోదారిగట్టు

దానికి తోడు ఆమె సొంత జీవితం చూస్తే ఆ నీతి ఎంత పలచనో తెలుస్తుంది. 1918లో నటుడు ఫెర్నాందో ఇబాన్యెస్‌ను పెళ్ళి చేసుకుంది. ఆ కాపురం నిలవలేదు. కూతుర్ని ఒంటిచేత్తో పెంచుకుంది. తెర మీద మొగుడు ఏం చేసినా సర్దుకుపోవాలని చెప్పిన తల్లి, ఇంట్లో సర్దుకుపోకుండా బయటికి వచ్చిన మనిషి. తర్వాత దశాబ్దాల పాటు రొసారియో గొన్సాలెస్ క్వెంకా అనే స్నేహితురాలితో కలిసి ఒకే ఇంట్లో బతికింది. ఇద్దరు ఆడవాళ్ళు కట్టుకున్న ఇల్లు అది. ఆ బంధం గురించి మెక్సికోలో ఇప్పటికీ మాట్లాడుకుంటారు. మనం దానికి పేరు పెట్టక్కర్లేదు.

కూతురు మరియా ఫెర్నాందా కూడా నటే. 1937లో నెగ్రేతె మొదటి సినిమాలో ఆ అమ్మాయే హీరోయిన్. 1940లో టైఫాయిడ్‌తో పోయింది. ఇరవై ఏళ్ళు కూడా సరిగ్గా నిండని పిల్ల. ఆ మరుసటి ఏడాది వచ్చిందే పిల్లలు వెళ్ళిపోయే ఆ సినిమా. కడుపుకోత పడ్డ తల్లి చేత దేశం మొత్తం చూసేలా పుత్రశోకం ఆడించారు. ఆమె ఆడింది. ఆ దుఃఖం ఎక్కణ్ణుంచి వచ్చిందో మనకెందుకు అని నేను అనలేను, ఆ సినిమా చూస్తూ అది మరచిపోవడం నాకు చేతకాలేదు.

కాల్షీట్

అక్కా, ఆ చివరి మాట దగ్గర నేను మీతో పోట్లాడను.

కానీ "ఆడించారు" అన్న మాట దగ్గర మాత్రం ఆగాలి. మా సెట్‌లో ఒక పెద్దావిడ ఉండేవారు. ఇంట్లో చావు జరిగిన పదో రోజుకే వచ్చేశారు. మేం డేట్లు మారుస్తామన్నా వినలేదు. ఏడుపు సీను ముందు పెట్టుకుంటారా, వెనక్కి నెట్టమంటారా అని అడిగితే "ముందే పెట్టు నాయనా" అన్నారు. ఆ పని ఆమెకు అవసరమయింది. సారా విషయంలో ఏం జరిగిందో నేను చెప్పలేను. అయితే పని చేసిన ప్రతి నటినీ ఎవరో ఆడించిన బొమ్మ అనుకుంటే, ఆమె చేతిలో ఉన్న కొద్దిపాటి అధికారాన్ని కూడా మనమే లాగేసుకుంటున్నాం.

వెన్నెల_డల్లాస్

పెద్దల మధ్యలో దూరుతున్నా, ఏమీ అనుకోకండి. నాకు ఆమె పేరు ఇప్పుడే తెలిసింది, మొహం మాత్రం ఏళ్ళ తరబడి తెలుసు! ఇక్కడ డల్లాస్‌లో మెక్సికన్ దుకాణాలకు వెళ్తే అబ్వెలీతా (అంటే అవ్వ) అనే చాక్లెట్ దొరుకుతుంది. పసుపుపచ్చ ఆరుపలకల పెట్టె, లోపల దాల్చినచెక్క వేసిన గుండ్రటి బిళ్ళలు, పాలలో మరిగించుకుని తాగాలి. పెట్టె మీద కళ్ళద్దాలు పెట్టుకున్న ముసలావిడ. మీరు పెట్టిన వివరాలు చూసి వెతికితే ఆమే ఈమె. 1973లో లా అస్తేకా అనే చాక్లెట్ కంపెనీ ఆమె బొమ్మ తీసుకుందట, 1990లలో నెస్లే ఆ కంపెనీని కొన్నా బొమ్మ మార్చలేదు.

మా ఆఫీసులో మెక్సికో అమ్మాయిని అడిగాను. సినిమాలు తనకు తెలియవు, ఇంట్లో వాళ్ళ అమ్మ ఆ పెట్టె చూపించి సారా గార్సియా అని చెప్పేదట. నెగ్రేతె ఎవరని అడిగితే గుర్తుపట్టలేదు. మరి ఎవరు గెలిచినట్టు?

పాతరీలు

వెన్నెలా, మంచి సంగతి తెచ్చావు. అయితే నా అనుమానం బలపడింది. నూట యాభై సినిమాల నటి చివరికి ఒక పెట్టె మీద నవ్వుగా మిగిలింది. చుట్ట కాల్చే దోన్యా లూయిసాను ఆ పెట్టె మీద వేయలేదు చూడు. చుట్ట తీసేశారు, కర్ర తీసేశారు, తిట్లు తీసేశారు. తీపి మాత్రం ఉంచారు.

తెరచాప

సరిగ్గా ఆ తీపి సంగతే ఇప్పుడు చెబుతాను. ఈ చర్చలో ఇంతవరకూ ఎవరూ ముట్టుకోని సినిమా ఒకటుంది.

"మెకానికా నసియొనాల్", 1972. దర్శకుడు లూయిస్ అల్కోరిసా. బునుయేల్‌తో కలిసి "లోస్ ఓల్విదాదోస్", "ఎల్" లాంటివి రాసిన మనిషి. కథ ఇంతే: కార్ల రేసు ముగింపు చూడ్డానికి మెక్సికో సిటీ జనం కుటుంబాలతో సహా రాత్రికి రాత్రే బయలుదేరి ఊరి బయట మైదానంలో మకాం వేస్తారు. తాగుడు, తిండి, కొట్లాటలు, ఒకడి పెళ్ళాం మీద ఇంకొకడి కన్ను. వీళ్ళ మధ్య ఒక మెకానిక్ షెడ్డు యజమాని కుటుంబం. ఆ ఇంటి అవ్వ సారా గార్సియా. డెబ్బై ఆరేళ్ళు ఆమెకు. ఈ అవ్వ నోరు విప్పితే బూతు. కనబడిందల్లా తింటుంది. తిని తిని, అరక్క, ఆ జనం మధ్యే చచ్చిపోతుంది.

తర్వాత జరిగేదే అసలు సినిమా. కొడుకు గుండెలు బాదుకుంటాడు, అంతకుముందు క్షణం దాకా తాగి తందనాలాడినవాడు. చుట్టూ జనం మూగుతారు. ఫోటోలు తీస్తారు. రేసు అయిపోతుంది, వేల కార్లు ఒక్కసారిగా తిరుగుముఖం పడతాయి, దారి మూసుకుపోతుంది. శవాన్ని కారులో కూర్చోబెట్టుకుని ఆ ట్రాఫిక్‌లో ఇంటికి తీసుకెళ్ళాలి. మెక్సికో మొత్తానికి అమ్మగా, అవ్వగా మొక్కించుకున్న ఆ మొహం కారు సీటులో నిటారుగా, ప్రాణం లేకుండా. పాతరీలు గారూ, మీరు చెప్పిన నీతి ప్రచారాన్ని, ఆ సహనం నిండిన తల్లిని, ఆ పవిత్ర కుటుంబాన్ని ఇంత నిర్దాక్షిణ్యంగా పూడ్చిపెట్టిన సినిమా ఇంకోటి నేను చూడలేదు. మెక్సికో సినిమాలకిచ్చే అరియెల్ అవార్డుల్లో 1973లో ఉత్తమ చిత్రంగా పంచుకున్న మూడింటిలో ఇదొకటి.

ఆ పాత్రకు ఆమె "సరే" అంది. అది ఆలోచించండి. ముప్పై అయిదేళ్ళు కట్టుకున్న బొమ్మను తన చేత్తోనే పగలగొట్టడానికి ఒప్పుకుంది. మరుసటి ఏడాదే చాక్లెట్ కంపెనీకి మొహం ఇచ్చింది. బూతులాడిన మొహమూ తీపి మొహమూ ఒకే ఏడాది తేడాతో. ఆమెను ఎవరో కట్టిపడేశారంటే నేనెలా నమ్మను?

గోదారిగట్టు

ఎంత బాగా చెప్పారండీ. మీ మాటతోనే నా మాట కూడా చెబుతాను.

సోలేర్ చేతికి బునుయేల్ తరహా పాత్ర 1949లో వచ్చింది. సారా చేతికి బునుయేల్ శిష్యుడి పాత్ర 1972లో వచ్చింది. మధ్యలో ఇరవై మూడేళ్ళు. ఆమెకు అలాంటివి చేతనవునని "లోస్ త్రేస్ గార్సియా" చూసిన ఎవరికైనా తెలుసు. చుట్ట నమిలే ఆ అవ్వలో ఈ బూతులాడే అవ్వ అప్పుడే ఉంది. మరి యాభై నుంచి డెబ్బై అయిదు దాకా, నటికి బుర్రా ఒళ్ళూ రెండూ పదునుగా ఉండే కాలంలో, ఆమెను పిలిచి ఒక క్రూరమైన జమీందారిణిని ఇచ్చినవాళ్ళు, ఆస్తి కోసం పిల్లల్ని తొక్కే తల్లిని ఇచ్చినవాళ్ళు ఎంతమంది? ఆ పాత్రలు రాయబడలేదు. నేను దుఃఖపడేది ఆమె గురించి కాదు. ఆమె బాగానే బతికింది, తన ఇంట్లో, తనకు కావలసిన మనిషితో, తన సంపాదన మీద. రాయబడని ఆ పాత్రల గురించి నా దుఃఖం.

కాల్షీట్

ఇది ఒప్పుకుంటాను. ఇప్పటికీ మా దగ్గర స్క్రిప్టులో "అవ్వ, 70" అని రాసి పంపుతారు. పేరు కూడా ఉండదు. ఆ పేజీని పట్టుకొచ్చి "దీనికి ఏదో ఒకటి చెయ్యండమ్మా" అని ఆర్టిస్టు చేతిలో పెడతాం. ఆమె చుట్టో, చేతికర్రో, ఒక తిట్టో తనే కలుపుకుంటుంది. సారా చేసిందీ అదే అనుకుంటాను. రాసినవాడు ఇవ్వనిది నటి ఇచ్చింది.

పాతరీలు

నేను మొదట పెట్టిన మాట మీదే ఉన్నాను, కాకపోతే కొసను మారుస్తాను. సగమే వాడుకున్నారు అన్నాను. ఆ మిగిలిన సగాన్ని ఆమె ఊరికే వదల్లేదు, దొరికిన చోటల్లా లోపలికి దూర్చింది. "లోస్ త్రేస్ గార్సియా"కు కొనసాగింపుగా వచ్చిన "వుయెల్వెన్ లోస్ గార్సియా"లో అవ్వ చనిపోయాక ఇన్‌ఫాంతె తాగి ఏడుస్తూ "మి కరిన్యీతో" పాడతాడు కదా, అక్కడ అతను ఏడుస్తోంది సహనమూర్తి కోసం కాదు, తనను కర్రతో కొట్టిన మనిషి కోసం. అది రచయితకు తట్టిన సంగతి అని నేననుకోను. ముందు సినిమా అంతా ఆమె అలా ఆడింది కాబట్టే ఆ ఏడుపు అలా వచ్చింది. పరిశ్రమ మీద నా కోపం మాత్రం పోలేదు. పోదు కూడా.

వెన్నెల_డల్లాస్

నేను ఏదీ చూడలేదు. ఎక్కడ మొదలుపెట్టాలో ఒకరు చెప్పండి. "మెకానికా నసియొనాల్" ముందు చూసేయనా?

తెరచాప

వద్దమ్మా, అది చివర్లో. ముందు "లోస్ త్రేస్ గార్సియా", దాని వెంటనే "వుయెల్వెన్ లోస్ గార్సియా", రెండూ ఒకే కథ. తర్వాత "క్వాందో లోస్ ఈహోస్ సె వాన్", గోదారిగట్టు గారు రాసింది గుర్తుపెట్టుకుని. హాస్యం కావాలంటే మధ్యలో "ఎల్ బైసానో హలీల్".

గోదారిగట్టు

"క్వాందో లోస్ ఈహోస్ సె వాన్" అయ్యాక సోలేర్ "సుసానా" కూడా చూడు తల్లీ, రెండూ ఒకే వారంలో. అప్పుడు గానీ "మెకానికా నసియొనాల్"కి వెళ్ళకు. చూసి వచ్చి నువ్వు ఎటువైపో ఇక్కడే రాయి.